ఇరవై ఆరేళ్ల సంతకం

“సంతకం నీదైతేంది, నాదైతేంది? ఇల్లొక్కటే గదా.”

ఇమ్మానుయేలు ఈ మాట అన్నప్పుడు నేను మోకాళ్ల మీద కూర్చుని హాలు తుడుస్తున్నాను. ఆయన కుర్చీలో కూర్చుని, తడిగుడ్డ తనవైపు వచ్చినప్పుడల్లా కాళ్లు రెండూ పైకెత్తి, నేను ముందుకు జరగగానే మళ్లీ దించుతున్నాడు. ముప్పై ఎనిమిదేళ్ల కాపురంలో ఇల్లు తుడిచే పనిలో ఆయన చేసిన సాయం ఆ కాళ్లెత్తడం ఒక్కటే. హాలంతా కొత్త బండలు. తాండూరులో బండలకు కరువేమీ లేదు గానీ మా ఇంట్లో మాత్రం రెండు నెలల కిందటి దాకా గచ్చే ఉండేది. ఒకరోజు ట్రాలీ నిండా పాలిష్ చేసిన నీలం బండలు దిగితే, డబ్బులెక్కడివని అడిగాను. పాలిషింగ్ యూనిట్ సేటు పాత బాకీ ఇచ్చాడన్నాడు. ఆయన ఆ యూనిట్‌లో సూపర్‌వైజర్‌గా చేసి మానేసిన మాట నిజమే కాబట్టి నమ్మాను. అది శనివారం పొద్దున, అవి నా డబ్బుతో వచ్చిన బండలని తెలిసి అప్పటికి మూడు రోజులు. తెలిశాక కూడా పొద్దున్నే గుడ్డ తడిపి వాటినే తుడుస్తున్నాను. నా మీద నాకే అసహ్యంగా ఉంది. అయినా మూలలు కూడా వదలకుండా తుడిచాను.

నేను తాండూరులో ఒక ఆడపిల్లల హాస్టల్లో కామాటీగా చేశాను. కామాటీ అంటే వంటామెకు చేతికింద మనిషి. కూరగాయలు కోయాలి, బియ్యం ఏరాలి, నీళ్లు మోయాలి, నూట అరవై పళ్లాలు రెండు పూటలా తోమాలి. జ్వరమొచ్చిన పిల్ల తల దగ్గర కూర్చోవాలి, మొదటిసారి బట్టలు తడిసి భయపడిన పిల్లకు ధైర్యం చెప్పాలి. ఈ చివరి రెండూ ఏ ఆర్డరులోనూ ఉండవు. వంటామె జహీరాబీ. ఇద్దరం ఒకే నెలలో చేరాం. రోజుకూలీగా చేరి, రోజుకూలీగానే ఇరవై ఆరేళ్లు చేశాం. వయసైపోయిందని ఇంటికి పంపేటప్పుడు చెరొక శాలువా కప్పి ఫొటో తీసుకున్నారు. పర్మనెంటు వాళ్లతో సమానంగా పని చేయించుకున్నారు కాబట్టి ఆ లెక్కన బకాయిలు, గ్రాట్యుటీ కట్టివ్వాలని జహీరాబీ కూతురు ఐమన్ మా ఇద్దరి తరఫునా హైకోర్టులో కేసు వేసింది. ఆ హాస్టల్ వంటింట్లో బియ్యం బస్తాల మీద కూర్చుని చదువుకున్న పిల్ల ఇప్పుడు వకీలు. కేసు గెలిచాం. మూడు నెలల్లో ఇవ్వమని కోర్టు చెబితే ఏడాదైనా ఇవ్వలేదు. అప్పుడు ఐమన్ కోర్టు ధిక్కారం కేసు వేసింది. వికారాబాద్ ఆఫీసులో పెద్దసారు పేరు మీద నోటీసు వెళ్లాక గానీ ఫైలు కదల్లేదు. జహీరాబీ డబ్బు జహీరాబీకి ముట్టింది. నా డబ్బు కూడా నాకు ముట్టిందని వాళ్లు కోర్టులో రాసిచ్చారు.

బుధవారం ఐమన్ ఫోన్ చేసి ఆ సంగతే అడిగింది. పైసా రాలేదన్నాను. ఐమన్ మెల్లగా విడమరిచి చెప్పింది. జీతాల రిజిస్టరులో కృపారాణి అని నా పేరు ఎదురుగా, మొత్తం ఐదు లక్షలూ ముట్టినట్టు సంతకం ఉందట. బ్యాంకు ఖాతా పనిచేయడం లేదు, చేతికే ఇప్పించండని నా పేరుతో అర్జీ కూడా ఉందట. ఇరవై ఆరేళ్ల రిజిస్టర్లు తీసి చూపించారట, అన్నింటిలోనూ అదే సంతకమట. తేడాగా ఉన్నది ఒక్కటే, ఐమన్ దగ్గర వకాలత్ కాగితం మీద నేను పెట్టింది. అదే దొంగ సంతకమని, అసలు కృపారాణికి ఈ కేసు సంగతే తెలియదని వాళ్ల వకీలు వాదించాడట. జడ్జిగారు విసుక్కుని, సోమవారం పెద్దసారు రావాలి, అసలు రిజిస్టరు రావాలి, ఆ కృపారాణి కూడా వచ్చి తన ముందే సంతకం చేయాలి అన్నారట.

“ఫొటో పంపిన ఖాలా. ఎవరు పెట్టిన్రో మీకు ఎరుకైతదేమో చూడున్రి” అంది. చిన్నప్పటి నుంచీ నన్ను పిన్నీ అన్నట్టు ఖాలా అనే పిలుస్తుంది.

చూడగానే ఎరుకైంది. ఇంగ్లీషు అక్షరాలు కుడివైపు వాలి, కింద ఒక గీత, గీత కింద రెండు చుక్కలు. చూసి చెప్తా బిడ్డా అని ఫోన్ పెట్టేశాను. ఆ సాయంత్రం అడిగితే ఇమ్మానుయేలు దాచలేదు, ఆ డబ్బుతోనే బండలు వేయించానన్నాడు. దాచాల్సిన పని చేశానని ఆయన అనుకోవడం లేదు.

ఇది ఎలా మొదలైందో చెబితే ఎవరికైనా నవ్వొస్తుంది. హాస్టల్ తాండూరులో, పగారు వికారాబాద్‌లో. ప్రతి నెలా ఐదో తారీఖున ఆఫీసుకు పోయి రిజిస్టరులో సంతకం చేసి తీసుకోవాలి. వంటామె, కామాటీ ఒకేరోజు వెళితే పిల్లలకు అన్నం ఎవరు పెడతారని వార్డెన్ గొణిగింది. జహీరాబీకి అక్షరం ముక్క రాదు, వేలిముద్ర. వేలు ఇంకొకరు తీసుకుపోయేది కాదు కాబట్టి ఆమె వెళ్లక తప్పదు. నేను ఏడో తరగతి చదివాను, సంతకం వచ్చు. “సంతకమే గదా, నేను గీకి తెస్త” అన్నాడు ఇమ్మానుయేలు. పగారు పంచే క్లర్కు జంగప్ప, మొగుడే కదా అని రిజిస్టరు ఆయన ముందుకు తోశాడు. మొదటి నెల ఏ సంతకం పడిందో రెండో నెలా అదే పడాలి కదా. అట్లా నా పేరుకు ఆయన చెయ్యి ఖాయమైపోయింది.

మా అత్త భాగమ్మ ఉన్నన్నాళ్లూ వచ్చినవాళ్లందరికీ గొప్పగా చెప్పేది. పెళ్లాన్ని బస్సుల్లో తిప్పకుండా కొడుకే పోయి పగారు తెచ్చి చేతిలో పెడుతున్నాడని, ఇంత కడుపులో పెట్టుకుని చూసుకునేవాడు ఏ ఇంట్లో ఉన్నాడని. నేనూ అలాగే అనుకున్నాను, అదే ఇప్పుడు ఒళ్లు మండిస్తున్నది. ఆయన తన ఖర్చు తీసుకుని మిగిలింది నాకిచ్చి, జర చూసుకుని ఖర్చుపెట్టు అనేవాడు. నా కూలి నాకే ఆయన ఇస్తుంటే రెండు చేతులా తీసుకునేదాన్ని. ఐదో తారీఖున జహీరాబీ ఉతికిన బురఖా వేసుకుని రైలెక్కేది. ఆ రోజు ఆమె వంట కూడా నేనే చేసేదాన్ని. సాయంత్రం వచ్చి వికారాబాద్‌లో తిన్న మిర్చీల సంగతి, పిల్లకు కొన్న రిబ్బన్ల సంగతి చెప్పేది. బ్లౌజులోంచి పర్సు తీసి నోట్లు మళ్లీ ఒకసారి లెక్కపెట్టుకునేది. చదువు లేక పాపం ఈమెకు ఎంత తిప్పలో అని నేను జాలిపడేదాన్ని. నిజంగా జాలిపడేదాన్ని.

నాకొక సంతకం ఉంది. బడిలో పద్మమ్మ టీచరు నేర్పింది. తెలుగులో గుండ్రంగా, పేరు మొత్తం. పెళ్లయ్యాక దానితో పని పడలేదు. చర్చిలో పెళ్లి పుస్తకం మీద పెట్టాను. మా బిడ్డ నిరోషా మార్కుల కార్డుల మీద కూడా ఆయనే పెట్టేవాడు, తండ్రి సంతకం అని రాసి ఉంటుంది కదా అనేవాడు. మళ్లీ అంటే ఐమన్ ముందు వకాలత్ కాగితం మీదే. ఆ రోజు ‘కృ’ దగ్గర చెయ్యి ఆగితే, మెల్లగా పెట్టు ఖాలా, తొందరేం లేదు అంది ఆ పిల్ల. ముప్పై ఎనిమిదేళ్లలో రెండుసార్లు పెట్టిన సంతకం అది. దాన్ని దొంగదంటున్నారు.

శనివారం మధ్యాహ్నం జంగప్ప మా ఇంటికి వచ్చాడు. చాయ్ పెట్టమన్నాడు ఇమ్మానుయేలు. పెట్టాను. నన్ను అబద్ధాలకోరును చేయడానికి వచ్చినవాడికి అల్లం దంచి చాయ్ పెట్టాను, చక్కెర సరిపోయిందా అని కూడా అడిగాను. పెద్దసారు రిటైరు కావడానికి నాలుగు నెలలుందట. ధిక్కారం కింద శిక్ష పడితే పింఛను మీదికి వస్తుందట. నేను సోమవారం కోర్టులో రిజిస్టరులో ఉన్నట్టే సంతకం చేసి, డబ్బు ముట్టింది, మరిచిపోయి కేసు వేశాను అంటే చాలట. కేసు కొట్టేయగానే మిగతా నాలుగు లక్షలు జంగప్పే ఇంటికొచ్చి ఇస్తాడట. మిగతా అంటే ఏమిటని అడిగాను. ఇమ్మానుయేలు కిటికీ వైపు చూశాడు. అప్పుడు అర్థమైంది. ఐదు లక్షలు ముట్టినట్టు నా పేరు గీకి, మా ఆయన ఒక్క లక్ష తెచ్చుకున్నాడు. నన్ను మోసం చేయడంలో కూడా మోసపోయి వచ్చాడు. చాయ్ గ్లాసులు చేతిలో లేకపోతే నవ్వేదాన్నేమో.

నేను గ్లాసులతో వంటింటి వైపు తిరిగేసరికి జంగప్ప గొంతు తగ్గించాడు.

“చెల్లే, నిజం చెప్తనంటవు, చెప్పు. ఆమె సంతకమే అనుకున్నమని మేం అంటం. మాకేమైతది? దొంగ సంతకం కింద ముందుగాల లోపలికి పోయేది నీ పెనిమిటి. గది సోచాయించుకో.”

అతను చెప్పినట్టే జరుగుతుందని నాకూ తెలుసు. ఇమ్మానుయేలుకు షుగరు. రోజూ పొద్దున సూది వేసేది నేనే. తాగొచ్చి కొట్టిన మనిషి కాదు, నాకు టైఫాయిడ్ వస్తే పది రోజులు ఆసుపత్రి వరండాలో పడుకున్న మనిషి. ఇవన్నీ నాకు నేనే చెప్పుకున్నాను. నేను చెప్పుకోవడం చాలదన్నట్టు సాయంత్రం నిరోషా ఫోన్ చేసింది. తండ్రి చేయించాడని వినగానే తెలిసింది. “నాయిన జైలుకు పోతే మా అత్తగారింట్ల నేనేం మొకం పెట్టుకోవాలె అమ్మా” అని ఏడ్చింది. నా మొహం సంగతి ఎవరూ అడగలేదు. కోర్టులో అంతమంది ముందు దొంగకేసు వేసినదాన్ని అనిపించుకుని బయటికి నడవాల్సింది నేను. నా మాట నమ్మి నిలబడిన ఐమన్‌ను కూడా జడ్జిగారు చీవాట్లు పెడతారు.

ఆదివారం చర్చి నుంచి వచ్చి, అన్నాలు తిన్నాక, ఇమ్మానుయేలు కొత్త నోటుపుస్తకం తెచ్చి నా ముందు పెట్టాడు. పక్కన కూర్చున్నాడు. “చూడు, ఇట్ల వాల్చు” అని ఒకటి పెట్టి చూపించాడు. నేను పెట్టాను. అట్లా కాదన్నాడు. కే తర్వాత పెన్ను లేపకూడదట, ఆర్ తోక పైకి పోవాలట, గీత ఎడమ నుంచి కాదు కుడి నుంచి లాగాలట. నా చెయ్యి పట్టుకుని తిప్పాడు. విసుక్కోలేదు. ఇన్నేళ్లలో ఆయన నా పక్కన అంతసేపు కూర్చున్నది లేదు, ఇంత ఓపిగ్గా ఏదీ చెప్పింది లేదు. సైకిల్ నేర్పమంటే నవ్వాడు, ఫోన్‌లో డబ్బు పంపడం నేర్పమంటే నీకెందుకన్నాడు. నా పేరు మీద తన చేతిరాత నేర్పడానికి మాత్రం రెండు గంటలు కూర్చున్నాడు. మొదటి పేజీ అంతా వంకర్లు పోయింది. రెండో పేజీ సగంలో గీత కుదిరింది. మూడో పేజీకి వచ్చేసరికి పెన్ను దానంతటదే వాలింది, తోక లేచింది, చుక్కలు పడ్డాయి. ఆయనది, నాది పక్కపక్కన పెడితే ఏది ఎవరిదో నాకే తెలియలేదు. “శాబాష్” అన్నాడు. లేచి వెళ్లి గిన్నెలు తోమాను. ఆ రోజంతా నేను ఎటూ తేల్చుకోలేదు. నిజంగా తేల్చుకోలేదు, ఇప్పుడు గొప్పలు చెప్పుకోవడం ఎందుకు.

సోమవారం పొద్దున హైకోర్టుకు పోవడానికి తాండూరులో రైలెక్కాం. ధారూర్ దాటేదాకా ఇమ్మానుయేలు ఏమనాలో చెప్పించుకుంటూ వచ్చాడు. ముట్టినయి సార్, మరిచిపోయిన సార్. నేను తలూపాను. వికారాబాద్‌లో జంగప్ప ఎక్కాడు, చంకలో ఎర్రగుడ్డలో కట్టిన రెండు రిజిస్టర్లు. పెద్దసారు కారులో వస్తున్నాడట. నన్ను కనిపెట్టుకుని తీసుకురమ్మని ఇతన్ని రైలెక్కించినట్టున్నాడు. ఒకసారి చూస్తానని అడిగాను. సంతకం సరిచూసుకోవడానికనుకుని సంతోషంగా గుడ్డ విప్పాడు.

ఇరవై ఆరేళ్లు నా పేరు ఎక్కుతూ వచ్చిన పుస్తకాలు. వాటిని నేను చూడడం అదే మొదలు. ప్రతి పేజీలో కిందామీదా రెండు పేర్లు. పైన జహీరాబీ, ఎదురుగా ఆమె బొటనవేలు. కింద కృపారాణి, ఎదురుగా ఇమ్మానుయేలు. పేజీలు తిప్పాను. జహీరాబీ వేలు నాకు తెలిసిన వేలే. ఉల్లిగడ్డలు కోసేటప్పుడు కత్తి దిగిన సంవత్సరం నుంచి ముద్ర మధ్యలో తెల్లగా ఒక చార. చివరి ఏళ్లకు వేలి గీతలు అరిగిపోయి, ముద్ర సరిగా పడక, రెండుసార్లు మూడుసార్లు వేయించారు. అయినా ప్రతినెలా వచ్చింది, తన వేలు తానే పెట్టింది. ఆమె లేకుండా ఆమె కూలి ఎవరి చేతికీ పోలేదు. ఆమె పక్కన నేను ఎక్కడా లేను. ఒక్క నెల కూడా లేను.

మధ్యలో వేరే రంగు కాగితాలు కొన్ని కనిపించాయి. ఏడాదికొకటి. ఏమిటివని అడిగితే, చీరల పైసలని చెప్పాడు జంగప్ప. వంటామెకూ కామాటీకీ ఏడాదికి రెండు చీరలకు ఆఫీసు ఇచ్చేదట.

నేను ఇమ్మానుయేలు వైపు చూశాను. చాలా ఏళ్ల కిందట జహీరాబీ కొత్త చీర కట్టుకుని వచ్చి, ఆఫీసు పైసలతో కొన్నానని చెబితే, ఇంటికొచ్చి ఆయన్ని అడిగాను. అవి వంటవాళ్లకే, కామాటీలకు లేవన్నాడు. సరే అనుకున్నాను. పళ్లాలు తోమేదానికి కొత్త చీరెందుకులే అని కూడా అనుకున్నాను. ఆ తర్వాత ప్రతి ఏడూ ఆమె చీర చూసి బాగుందనేదాన్ని. నా రెండు చీరలూ చిరిగిన చోట కుట్టుకుని, కుట్టు కనిపించకుండా కుచ్చిళ్లలోకి మడిచేదాన్ని. ఒక పిల్ల చూసి తన తల్లి పాతచీర తెచ్చి ఇస్తే తీసుకున్నాను. హాస్టల్లో చదువుకునే పిల్ల దగ్గర తీసుకున్నాను. ఇరవై ఆరు రంగు కాగితాలు, ఇరవై ఆరు గీతలు, కింద రెండేసి చుక్కలు.

ఐదు లక్షలకు రాని కోపం ఆ చీరలకు వచ్చింది. లక్షలు పోయినప్పుడు ఎవరో మోసపుచ్చారు, ఆశపడ్డాడు అనుకోవచ్చు. దీనికి ఎవరూ మోసపుచ్చలేదు. నేను కుట్టుకుంటుంటే ఎదురుగా కూర్చుని చూశాడు. ఏడాది తర్వాత ఏడాది చూశాడు.

“గప్పటి ముచ్చట ఇప్పుడెందుకు” అన్నాడు, నేనేమీ అనకముందే.

నేను రిజిస్టర్లు మూసి జంగప్పకు ఇచ్చేశాను. ఆ తర్వాత దారిలో ఇంకేమీ మాట్లాడలేదు. నేను భయపడి ఊరుకున్నానని ఇద్దరూ అనుకున్నారు. భయం ఉన్నమాట నిజమే.

కోర్టు హాల్లో నల్లకోట్లు కిక్కిరిసి ఉన్నాయి. పెద్దసారు చేతులు కట్టుకుని ఒక మూల నిలబడ్డాడు. ఇరవై ఆరేళ్లలో మా హాస్టల్‌కు ఎందరో పెద్దసార్లు వచ్చారు, అందరి ముందూ మేమే అలా నిలబడ్డాం. ఐమన్ నా దగ్గరికి వచ్చి, సంతకం ఎవరిదో చెప్పనేలేదు కదా ఖాలా అంది. లోపల చెప్తానన్నాను. ఆమె నా మొహం చూసి, వెనక నిలబడ్డ ఇమ్మానుయేలు మొహం చూసి ఫైలు చేతిలోకి తీసుకుంది. మా నంబరు పిలిచారు.

జడ్జిగారు తెలుగులోనే మాట్లాడారు. పేరడిగారు, ఊరడిగారు. ఒక గుమాస్తా తెల్లకాగితం, పెన్ను తెచ్చి ముందు పెట్టాడు. ఎప్పుడూ పెట్టేటట్టే సంతకం పెట్టమన్నారు. వెనక ఇమ్మానుయేలు ఊపిరి నాకు వినిపిస్తున్నది. కే తర్వాత పెన్ను లేపలేదు. ఆర్ తోక పైకి లాగాను, కుడి నుంచి గీత గీశాను, రెండు చుక్కలు పెట్టాను. గుమాస్తా కాగితాన్ని రిజిస్టరు పక్కన పెట్టి పైకి అందించాడు. ఆఫీసు వకీలు మెడ చాచి చూసి, పెద్దసారుకు కళ్లతోనే ఏదో చెప్పాడు. ఐమన్ మొహం పాలిపోయింది. జడ్జిగారు కళ్లద్దాలు సర్దుకుని అటూ ఇటూ రెండుమూడుసార్లు చూశారు.

“రెండూ ఒక్కటే ఉన్నయి గదమ్మా. ఇది నీ సంతకమేనా?” అన్నారు.

“కాదు సార్” అన్నాను. “ఇది నిన్న మధ్యాహ్నం నేర్చుకున్న. ఇరవై ఆరేండ్లు పెట్టినాయన గా వెనక నిలవడ్డడు. ఇంకో కాగితమియ్యున్రి, నాది పెడ్త.”